కట్టని కళ్ళు

మూడో రోజు

నేతవాళ్ళు రాయకూడదు. పోయినవాళ్ళని తెర గుర్తు పెట్టుకుంటుంది, మనుషులు మర్చిపోతారు, అదీ ఒప్పందం. మధ్యలో కాగితానికేం పని అంటారు మేస్త్రి. అందుకే రంగుల పాళ్ళు రాసుకునే పుస్తకాన్ని తిరగేసి వెనక నుంచి రాస్తున్నాను. ముందు నుంచి తెరిస్తే నీలం ఎంతసేపు ఉడకాలి, పసుపు ఎంతసేపు నానాలి. వెనక నుంచి తెరిస్తే నా ఏడుపు. ఊలు బుట్ట అడుగున దాస్తాను. నా ఊలు బుట్టలో చెయ్యి పెట్టే ధైర్యం ఈ ఇంట్లో ఎవరికీ లేదు.

నా కూతుళ్ళలో పెద్దది పోయి ఇవాళ్టికి మూడు రోజులు.

రాస్తే నిజమైపోతుందేమోనని ఇన్నాళ్ళు ఆగాను. రాయకపోయినా నిజమైంది.

నాలుగో రోజు

మేస్త్రి వచ్చారు, ఇద్దరు మోత మనుషుల్ని వెంటబెట్టుకుని. దాని చెప్పులు, దువ్వెన, మంచం, కంచం, మోచేతి దగ్గర నేను రెండుసార్లు అతుకేసిన ఊలు చొక్కా, అన్నీ మూట కట్టించారు. గోడ మీద పిల్లల ఎత్తు కొలిచి గీసిన గీతలు రెండు వరుసలున్నాయి. "పెద్దమ్మాయివి ఏ వరసమ్మా?" అని అడిగి, ఆ వరుస మీద సున్నం కొట్టించారు. ఆయన పని ఎంత శుభ్రంగా చేస్తారంటే తిట్టడానికి కూడా సందు దొరకదు.

"ముప్ఫై రోజుల్లో దాన్ని తెర మీద నేయాలి. నీకు తెలియనిదేముంది," అన్నారు.

"తెలియకపోతే బాగుండేది."

"నువ్వే నేస్తావా, ఇంకెవరికైనా అప్పగించనా?"

"నా పిల్లని ఇంకొకళ్ళు నేస్తే ముక్కు వంకరొస్తుంది. నేనే నేస్తాను."

తలూపారు. గుమ్మం దగ్గర ఆగి, "మాటకారి పిల్ల. అది వస్తుంటే నాలుగిళ్ళ అవతల్నుంచే తెలిసేది," అన్నారు. నేను తెర మీద దాని కళ్ళ ముడులు కట్టిన మరుక్షణం ఆ మాట కూడా ఆయనకి గుర్తుండదు.

ఆరో రోజు

జావ మాడింది. చిన్నది ఏమీ అనలేదు. పెద్దదయితే వీధంతా వినిపించేలా వెక్కిరించేది.

ఏడో రోజు

పెద్ద తెర దగ్గరికి వెళ్ళాను, దాని చోటు చూసుకోవడానికి.

చావడి చుట్టూ మూడు చుట్లు తిరుగుతుంది తెర. పడవలెక్కి ఎక్కడెక్కడి నుంచో వస్తారు చూడడానికి. నోళ్ళు తెరుచుకుని తిరుగుతారు. జానెడు ఎత్తు మనుషులు, ఒకరి పక్కన ఒకరు, ఒకరి పైన ఒకరు, నాలుగు వందల ఏళ్ళ మనుషులు. ఒకడి చేతిలో సుత్తి, ఒకామె చేతిలో చేప, ఒక పసివాడి చేతిలో ఏమీ లేదు. లోకంలో ఇంత గొప్ప నేత ఇంకొకటి లేదంటారు. ఉండి ఉండదు. ఇంకే ఊళ్ళోవాళ్ళకీ ఇంత పిరికితనం ఉండదు కాబట్టి.

మొదటి నేతగత్తె కథ మాకు ఉగ్గుపాలతో పోస్తారు. చావుల ఏడాది. పోయినవాళ్ళ పక్కన బతికినవాళ్ళు పడుకుని మళ్ళీ లేచేవారు కాదు. పాదాల నుంచి చల్లబడుతూ వచ్చేవారు. దానికే తోడు జబ్బు అని పేరు. పోయినవాళ్ళకి తోడు వెళ్ళే జబ్బు. ఆవిడ ఏడుగురు పిల్లల్ని పోగొట్టుకుని, తను కప్పుకున్న దుప్పటి విప్పి, ఆ నూలుతోనే ఏడుగురినీ నేసింది. ఏడో పిల్ల రెండో కన్ను కట్టగానే లేచి, కుండ కడిగి, వంట మొదలుపెట్టిందట. ఆ ఏడుగురూ తెర మొదటి మూలలో ఉన్నారు. ఆవిడ ఇంకో నలభై ఏళ్ళు బతికింది. రోజూ వాళ్ళ ముందు నుంచే నడిచింది. వాళ్ళెవరో ఆవిడకి తెలియదు.

ఇది మా ఊరి గొప్ప కథ. చప్పట్లు కొట్టాలి.

నాకూ ఒక మొగుడు ఉండే ఉంటాడు. పిల్లలు ఆకాశం నుంచి ఊడిపడరు కదా. పన్నెండేళ్ళ కిందటి వరుసలో మగవాళ్ళు తొమ్మిది మంది. వాళ్ళలో నలుగురి కళ్ళ ముడులు నా చేతివి. ఒకడికి తాటాకు లాంటి చెవులు, వాడు కాకపోతే బాగుండును. ఇంకొకడు నవ్వుతున్నాడు. వాడైతే ఫరవాలేదు. వాడి కోసం ఏడ్చానో లేదో కూడా నాకు తెలియదు. ఏ బాధా లేదు. అబద్ధం కాదు, నిజంగానే ఏ బాధా లేదు.

పెద్దది కూడా అలాగే అయిపోతుంది. ఏ బాధా లేకుండా.

తొమ్మిదో రోజు

రంగులు వేసే పక్కింటావిడ వచ్చింది. పెద్దది జారిపడింది వాళ్ళ మేడ మీద నుంచే, తడి ఊలు ఆరేస్తూ. అందుకని నా మొహం చూడలేక నేల చూస్తూ మాట్లాడుతుంది.

"అక్కా, చిన్నదాని పాదాలు పట్టుకుని చూశావా?"

"ఏం, నడవడం లేదా?"

"మంచు ముక్కల్లా ఉన్నాయక్కా. నీకు చెప్పలేదా అది?"

అది ఏదీ చెప్పదు. పిలిచి పాదాలు పట్టుకున్నాను. నిజమే.

"ఎప్పటి నుంచే?"

"మూడు రోజులైంది."

"నోరు లేదా?"

"నువ్వు ఖాళీగా లేవు కదమ్మా."

నేను మూడు రోజులుగా గోడ మీది సున్నం చూస్తూ కూర్చున్నాను. అది ఖాళీగా లేకపోవడమేనట.

పదో రోజు

కవలలు. జావ కాగేంత సేపు తేడా, అంతే. ఎవరూ గుర్తుపట్టేవాళ్ళు కాదు, మేస్త్రి అయితే ఇద్దరినీ కలిపి "అమ్మాయిలూ" అనేసేవారు. పెద్దదానికి ఎడమ చెంప మీద మచ్చ, చిన్నదానికి కుడి చెంప మీద. ఎదురెదురుగా కూర్చుంటే ఒకత్తే కూర్చుని అద్దం చూసుకుంటున్నట్టు ఉండేది. చంటిపిల్లలప్పుడు పాలిచ్చే ముందు నేను కూడా మచ్చ చూసుకునేదాన్ని.

పెద్దది వాగుతుంది, చిన్నది వింటుంది. పెద్దది పోట్లాడి నా ఒళ్ళోకి ఎక్కేది. చిన్నది మిగిలిన చోట సర్దుకునేది.

పెద్దది "నేత నేర్పు" అని నా ప్రాణం తీసి, నేర్పితే మూడు రోజుల్లో విసుగొచ్చి వదిలేసింది. పెద్దది నిద్రలో కూడా మాట్లాడేది. పెద్దది చేపముల్లు గొంతులో ఇరుక్కుని చావబోయి, ముల్లు బయటికి రాగానే ఇంకో చేప అడిగింది. పెద్దది, పెద్దది, పెద్దది. ఇక్కడ ఎంతసేపైనా రాయొచ్చు, సున్నం కొట్టేవాడు లేడు.

పన్నెండో రోజు

పడుగు కట్టాను. రెండు అరచేతుల వెడల్పు.

పధ్నాలుగో రోజు

జుట్టు నేస్తున్నాను.

పదిహేనో రోజు

జుట్టే.

పదహారో రోజు

జుట్టే. మేస్త్రి వచ్చి, "ఈ లెక్కన పిల్లకి జడ చావడి దాటి పోతుందమ్మా," అన్నారు. నవ్వొచ్చింది. నవ్వినందుకు ఇంటికొచ్చి ఏడ్చాను.

పదిహేడో రోజు

చిన్నదానికి చలి మోకాళ్ళ దాకా వచ్చింది. ఊలు చుట్టి, వేడి రాళ్ళు పెట్టాను. రాళ్ళు చల్లారాయి గానీ కాళ్ళు వేడెక్కలేదు.

"తొందరగా కట్టెయ్యమ్మా," అంది.

"అక్కని మర్చిపోవడానికి అంత తొందరగా ఉందా నీకు?"

ఊలు మోకాళ్ళ మీదికి లాక్కుంది. నేను అక్కడితో ఆపి ఉంటే సరిపోయేది. "దాని స్థానంలో నువ్వు ఉండి, అది ఇక్కడ ఉంటే ఇలా అడిగేది కాదు," అన్నాను.

"అవును, అడగదు," అంది చిన్నది. "అక్కకైతే నువ్వు అడక్కుండానే కట్టేదానివి."

నా కూతుళ్ళలో మాటకారి ఇదే అనుకుంటాను. ఇన్నాళ్ళూ దాచుకుంది.

"నాకూ అక్క గుర్తుండాలనే ఉందమ్మా. కాళ్ళు కూడా ఉండాలని ఉంది."

పద్ధెనిమిదో రోజు

ముక్కు, నోరు అయ్యాయి. నోరు తెరిచి ఉన్నట్టు నేశాను. ఇంకెలా నేస్తాను.

పంతొమ్మిదో రోజు

ఒక ఆలోచన వచ్చింది. ఎవరికీ చెప్పేది కాదు కాబట్టి, పుస్తకమా, నీకు చెప్తాను.

మేము తెర వెనక కూర్చుని నేస్తాం. మా ఎడమ చేతి వైపు వచ్చేది ముందు నుంచి చూసేవాళ్ళకి కుడి చేతి వైపు. అందుకే తెర ముందు నిలువుటద్దం పెట్టుకుని, పడుగు పోగుల సందులోంచి అందులో చూసుకుంటూ నేస్తాం. అయినా పొరపాట్లు జరుగుతాయి. కుడిచేతి వాటం కంసాలిని ఎడమచేతి వాటం చేసినవాళ్ళున్నారు. వాళ్ళని ఎవరూ ఉరితీయలేదు.

తెరకి ఒక ముఖం కావాలి. ఇస్తాను. పెద్దదాని ముఖమే, మచ్చ మాత్రం కుడి చెంప మీద. అలాంటి పిల్ల ఈ లోకంలో లేదు. లేని పిల్లని తెర ఏం చేసుకుంటుంది? కళ్ళు కట్టినట్టూ ఉంటుంది, చిన్నదాని జబ్బూ తగ్గుతుంది, పెద్దది నాకు మిగులుతుంది. పామూ చావాలి, కర్రా విరగకూడదు.

(ఇక్కడ ఒక వాక్యం కొట్టేశాను. అనవసరమైనది.)

ఇన్ని రోజుల తర్వాత ఇవాళే ఆకలి వేసింది.

ఇరవై ఒకటో రోజు

కళ్ళు తప్ప అంతా అయింది. కళ్ళ చోట రెండు కన్నాలు, వెనక నుంచి వెలుతురు పడుతుంది. మేస్త్రి ముందు వైపు నిలబడి చూశారు.

"పోలిక దించేశావమ్మా. మచ్చ ఈ వైపేనా?"

"ఈ వైపే."

"కన్నతల్లివి, నీకన్నా ఎవరికి తెలుసు."

రేపు పొద్దున్న కడతాను. ఇంటికొచ్చేసరికి చిన్నది గోడ పట్టుకుని నిలబడి జావ కాస్తోంది. నడుం దాకా వచ్చిందట చలి. "రేపటికి తగ్గిపోతుందిలే," అన్నాను. "కట్టాక నువ్వు ఏడవవు కదమ్మా?" అని అడిగింది. "ఏడవను," అన్నాను. నిజమే చెప్పాను, ఏడవాల్సిన పని ఉండదు. దాని తల నిమరాలనిపించింది. చేతులకి నల్లరంగు ఉందని నిమరలేదు.

ఇరవై రెండో రోజు

గెలిచాను!

రెండు కళ్ళూ కట్టాను. కట్టి, కళ్ళు మూసుకుని కూర్చుని, భయపడుతూ వెతుక్కున్నాను. ఉంది. పెద్దది ఉంది. చేపముల్లు ఉంది, నిద్రలో మాటలు ఉన్నాయి, ఎడమ చెంప మీద మచ్చ ఉంది. నాలుగు వందల ఏళ్ళలో తెరని మోసం చేసినదాన్ని నేనొక్కదాన్నే. నా ఒక్కగానొక్క కూతురు నాకు మిగిలింది.

ఒళ్ళు తేలికైపోయి ఇంటికి పరిగెత్తినట్టే వచ్చాను.

ఇంట్లో ఎవరో ఉన్నారు.

ఇరవై రెండో రోజు, ఇంకా

తలుపుకి గొళ్ళెం పెట్టుకుని రాస్తున్నాను.

మంచం మీద ఒక పిల్ల. పెద్దదాని ముఖం. అదే ముక్కు, అదే గడ్డం. పెద్దదే అనుకుని ఒక అడుగు వేశాను. తిరిగి చూసింది. మచ్చ కుడి చెంప మీద ఉంది.

నేను నేసిన బొమ్మ లేచి వచ్చింది.

"అమ్మా, కట్టేశావా?" అంది.

"ఎవరికే అమ్మ?" అన్నాను. చీపురు తీసుకున్నాను. అది లేవలేక లేచింది, గోడ పట్టుకుని. నా మొహంలోకి చూసి, చూసి, కింద పడిపోయింది. లాక్కెళ్ళి మెట్ల మీద పడేసి తలుపు వేశాను. బరువుంది. నూలుకి అంత బరువెలా వచ్చిందో.

పక్కింటావిడని పిలిచి చూపించాను. "ఎవరక్కా ఈ పిల్ల, అచ్చు మీ అమ్మాయిలానే ఉందే," అని గుండెల మీద చెయ్యి వేసుకుంది. మీ అమ్మాయి అంది. అంటే ఆవిడకీ పెద్దది గుర్తుంది.

ఇరవై మూడో రోజు

ఇంట్లో కొన్ని వస్తువులు అర్థం కావడం లేదు. మంచం మేస్త్రి తీసుకెళ్ళారని రాసుకున్నాను. ఇక్కడే ఉంది. చెప్పులు ఒక జత ఉన్నాయి, నా కాలికి పట్టవు. గోడ మీద ఎత్తు గీతలు ఒక వరుస. పక్కన సున్నం.

బొమ్మ మెట్ల మీదే ఉంది. చలికి దగ్గుతోంది. నూలు దగ్గుతుందా?

ఇరవై నాలుగో రోజు

మేస్త్రి వచ్చారు. ఆయన ముఖం పాలిపోయి ఉంది.

"మీ అమ్మాయి నాకింకా గుర్తుందమ్మా," అన్నారు. "మాటకారి. ఊరందరికీ గుర్తుంది. నువ్వు కళ్ళు కట్టడం నేను నా కళ్ళతో చూశాను. మరి ఎవరిని కట్టావు?"

"ఎవరినీ కట్టలేదు. మచ్చ ఒక్కటి అటుదిటు పడింది, అంతే. లేని పిల్ల అది."

"తెర లేనివాళ్ళని పట్టదు. లేని ముఖం నేస్తే ముడి నిలవదు, తెల్లారేసరికి వదులైపోతుంది. చూసొచ్చాను, బిగుసుకునే ఉంది." ఆయన కూర్చున్నారు. నా ఇంట్లో ఆయన ఎప్పుడూ కూర్చోలేదు. "ఎవరినో కట్టావు. ఎవరో నీకూ తెలియదు, నాకూ తెలియదు. ఇక ఎవరికీ తెలియదు."

వెళ్తూ మెట్ల మీద పిల్లని దాటుకుని వెళ్ళారు. ఆగి చూశారు, తల విదిల్చుకుని వెళ్ళిపోయారు. ముప్ఫై లోపు పెద్దదాన్ని సరిగ్గా నేయాలట.

నేయను.

ఇరవై ఐదో రోజు

సూది తీసుకెళ్ళాను. బొమ్మ అయితే రక్తం రాదు కదా.

"చెయ్యి ఇవ్వు," అన్నాను. ఇచ్చింది. ఎందుకని అడగలేదు. మంచుముక్క లాంటి వేలు. గుచ్చాను. ఆలస్యంగా, కొద్దిగా, ఎర్రగా వచ్చింది. అంత ఎరుపు ఏ రంగు తొట్టెలోనూ ఎక్కదు.

దాన్ని లోపలికి తెచ్చి మంచం మీద పడుకోబెట్టాను. జావ పోశాను. ఉప్పు వెయ్యడం మర్చిపోయాను. పడుకున్నచోటి నుంచే, చూడకుండానే, పొయ్యి వెనక పైనున్న గూట్లో ఉప్పు డబ్బా వైపు చెయ్యి చూపింది. ఆ గూడు కొత్తవాళ్ళకి కనబడదు.

"నీకెలా తెలుసే?"

"ఆ గూడు నాకు ఏడేళ్ళప్పుడు చేశావు నువ్వు. నాకూ అక్కకీ అందకూడదని. అక్క నా భుజాలెక్కి తీసేది."

"నా కూతురు ఒక్కతే."

ఏడవలేదు. ఊపిరి అందనట్టు ఆగి ఆగి చెప్పింది. "నువ్వు దొంగతనంగా రాస్తావు కదమ్మా. ఊలు బుట్ట అడుగున ఉంటుంది. నేనెప్పుడూ చదవలేదు. నువ్వు చదువు."

ఇరవై ఆరో రోజు

చదివాను. మూడుసార్లు.

నా చేతిరాతే. "చిన్నది ఏమీ అనలేదు." "చిన్నదాని పాదాలు." "కవలలు." ఎవరి గురించో చదివినట్టుంది. పక్క వీధిలో జరిగినట్టు. ఆ పిల్ల తల్లి మీద నాకు ఒళ్ళు మండింది. దాన్ని ఒక్కసారి కూడా పేరు పెట్టి పిలవదు, దగ్గరికి తీసుకోదు, నల్లరంగని సాకు చెప్తుంది.

పెద్దది అని ఎందుకు పిలుస్తున్నాను నేను? ఒక్కతే ఉంటే పెద్దది అని ఎవరైనా అంటారా? ఇరవై రోజులుగా రాస్తున్నాను, ఒక్కసారి కూడా తట్టలేదు.

పంతొమ్మిదో రోజు పేజీ కిటికీకి ఆనించి చూశాను. కొట్టేసిన వాక్యం వెలుతుర్లో కనబడింది.

"కుడి చెంప చిన్నదానిది కదా."

రాశాను. రాసి, కొట్టేశాను. కొట్టేసి, ఆకలి వేసిందని రాశాను.

ఇరవై ఏడో రోజు

చలి దాని గుండె కింద దాకా వచ్చింది. పెద్దదాన్ని నేయనంతకాలం తగ్గదు.

ఈ పిల్ల నాకెవరో తెలియదు. ఒళ్ళంతా వెతుక్కున్నాను, ఎక్కడా లేదు. పెద్దది నాకు నరనరానా ఉంది. తెలియని పిల్ల కోసం తెలిసిన పిల్లని ఇచ్చేయాలి. నాకున్న ఆధారం ఒక అబద్ధాలకోరు రాసుకున్న పుస్తకం, ఆ అబద్ధాలకోరు నేనే.

కట్టిన కన్ను విప్పితే విప్పిన వేళ్ళు మొద్దుబారిపోతాయంటారు. పోతే పోనీ.

ఇరవై ఎనిమిదో రోజు, మగ్గం వెనక

మధ్యాహ్నం ఊరంతా భోజనాలకి వెళ్ళినప్పుడు పిల్లని వీపున వేసుకుని తీసుకొచ్చాను. మేస్త్రి చూశారు. చూసి, తాళం నా చేతికిచ్చి బయటికి వెళ్ళిపోయారు.

ఒక కన్ను విప్పినప్పుడు ఏమీ కాలేదు. రెండో ముడి వదలగానే చిన్నది వచ్చింది.

ఒక్కసారిగా వచ్చింది, పంతొమ్మిదేళ్ళూ. అక్క పన్ను ఊడిందని, తనదీ ఊడాలని, తలుపుకి దారం కట్టుకుని లాక్కుంది. నేను ఎవరి మీద విసుక్కున్నా తనే తప్పు చేసినట్టు గిన్నెలు తోమేసేది. నాకు జ్వరం వచ్చినప్పుడు పెద్దది వీధిలో అందరికీ చెప్పి వచ్చింది, చిన్నది పక్కన కూర్చుంది. మొన్న మెట్ల మీద నన్ను చూసిన చూపు. చీపురు.

కింద పడి దాని కాళ్ళు పట్టుకున్నాను. ఏం మాట్లాడానో గుర్తులేదు. "వచ్చావా అమ్మా," అంది.

ఇప్పుడు నాకు ఇద్దరూ ఉన్నారు. పూర్తిగా, ఒకేసారి. ఇలాగే ఉండిపోవాలని ఉంది.

"ఎంతసేపు ఇలా ఉండొచ్చు?" అని అడిగాను దాన్ని, నేనేదో చిన్నపిల్లనైనట్టు.

"కాసేపు ఉందామమ్మా," అంది. పెదవులు నీలంగా ఉన్నాయి.

కాసేపు ఉన్నాం. పెద్దదాని గురించే చెప్పుకున్నాం. దాని అబద్ధాలు, దాని పాటలు, చేప. నాకు తెలియనివి చిన్నది చెప్పింది. పెద్దది మేడ మీద ఊలు ఆరేస్తూ నా నడకని అనుకరించి చూపిస్తూ జారిందట. నన్ను వెక్కిరిస్తూ పోయింది. నవ్వాం, ఇద్దరం, చావడి మోగేలా. తర్వాత చిన్నది మాట్లాడడం ఆపేసింది. ఊపిరి మాత్రం ఆడుతోంది.

కుడి చెంప మీది మచ్చ తీసేశాను. అద్దంలో చూసుకుని ఎడమ చెంప మీద పెట్టాను. ఒక కన్ను కట్టాను. ఇంకొకటి మిగిలింది. వేళ్ళు అప్పుడే సగం నావి కావు, పెన్సిలు పిడికిట్లో పట్టుకుని రాస్తున్నాను.

పెద్దదానా. నిన్ను మర్చిపోవడం నాకు ఇష్టం లేదు. నా చెయ్యి కావాలంటే కోసి ఇచ్చేదాన్ని, తెర చెయ్యి అడగలేదు. నిన్ను ఎక్కువ ప్రేమించాను. అది నీ తప్పు కాదు, నాది. చిన్నది చల్లబడిపోతోంది. నువ్వే ఇక్కడుంటే ఎప్పుడో కట్టెయ్యమనేదానివి, వీధంతా వినిపించేలా.

ఈ పేజీలు ఇప్పుడే కుట్టేస్తాను. పైన తర్వాతి నాకు ఒక్క మాట రాస్తాను: విప్పకు. నువ్వు విప్పేవి నీకు మంచి చెయ్యవు. పిల్ల జావలో ఉప్పు చూడు.

ఏదో ఒక రోజు

తేదీ వెయ్యాలంటే ఏ రోజు నుంచి లెక్క పెట్టాలో తెలియలేదు.

రంగుల పుస్తకం వెనక పేజీలు కొన్ని కుట్టేసి ఉన్నాయి. కుట్టు నాదే, అయితే తాగినవాళ్ళు వేసినట్టుంది. పైన నా రాతలోనే "విప్పకు, ఉప్పు చూడు" అని ఉంది. నేను ఎవరి మాటా వినను గానీ, నా మాట వింటాను. విప్పలేదు. ఉప్పు చూశాను, తక్కువైంది.

వేళ్ళు మొద్దుబారాయి. ఎందుకో తెలియదు. నేతకి పనికిరానని మేస్త్రి ఊలు ఏకే పని ఇచ్చారు. ఎప్పుడూ లేనిది, నాతో మెల్లగా మాట్లాడుతున్నారు. ఎందుకలా మాట్లాడుతున్నారని అడిగితే తనకీ తెలియదన్నారు.

చిన్నది నడుస్తోంది. ఏదో జబ్బు చేసి లేచింది, ఇంకా బలం రాలేదు. ఇవాళ నా చెయ్యి పట్టుకుని చావడి దాకా వచ్చింది. కొత్త వరుసలో ఒక పిల్ల ఉంది, ఎడమ చెంప మీద మచ్చ, నోరు తెరిచి ఏదో చెప్పబోతున్నట్టు. చిన్నది దాని ఎదురుగా నిలబడితే అద్దం చూసుకుంటున్నట్టు ఉంది.

"అమ్మా, నాలా లేదూ?"

"నీకన్నా బాగుంది," అన్నాను. నవ్వింది. తర్వాత ఇద్దరం ఎందుకో అక్కడే చాలాసేపు నిలబడిపోయాం. నా కళ్ళల్లోంచి నీళ్ళు కారుతున్నాయి. ఊలు దుమ్ము అయి ఉంటుంది.

ఎవరి పిల్లో. పనితనం మంచిదే, కళ్ళ దగ్గరే చెడింది. విప్పి మళ్ళీ కట్టినట్టుంది, రెండో ముడి మరీ వంకరగా ఉంది. ఎవరో చెయ్యి వణికినవాళ్ళు.

బయటికి వస్తుంటే మేస్త్రి అడిగారు. "ఒక్కగానొక్క కూతురు. దాన్ని పట్టుకుని చిన్నది, చిన్నది అంటావేమిటమ్మా?"

"ఏమోనండీ, నోటికి అలాగే వస్తోంది," అన్నాను.

రేపటి నుంచి పేరు పెట్టి పిలవాలి.